మనీలాలో సమాధుల పండుగ



2023 అక్టోబరు నెలాఖరున ఫిలిప్పీన్స్ దేశపు రాజధాని మనీలాలో పదకొండు దినములు గడిపే అవకాశము నాకు కలిగింది. పల్లె సంఘాల కాపరులు కొందరిని పిలిచి అక్కడ ఒక చిన్న కూటము పెట్టారు. నాకు సింగపూరులో దిగి విమానము మారే టిక్కెట్టు దొరికింది. అక్కడి గడియారము మనకంటే రెండున్నర గంటలు ముందు నడుస్తుంది. విమానము దిగేటప్పుడు కిటికీలోంచి చూస్తే నీళ్లు, కొబ్బరి చెట్లు, చేపల చెరువులు కనబడ్డాయి. పశ్చిమ గోదావరి వాడిని గనుక, తిప్పి తిప్పి మళ్లీ భీమవరములోనే దింపుతున్నారేమో అనిపించింది.

మన రైతు కుటుంబాలకు ఈ దేశము కొత్తది కాదు. పేరు తెలియకపోయినా దాని వడ్లు మనము తిన్నాము. మనీలాకు దక్షిణాన లాస్ బాన్యోస్ అనే ఊరిలో 1960లో స్థాపించిన అంతర్జాతీయ వరి పరిశోధనా సంస్థ ఉంది. 1966లో ఐ.ఆర్.8 విత్తనము అక్కడినుండే బయటికి వచ్చింది. మరుసటి ఏడే మన ఆచంట రైతు నెక్కంటి సుబ్బారావుగారు దానిని పండించి చూపించారు. మా తాతగారు దాన్ని "ఐయారెనిమిది" అని ఒకే మాటగా అనేవారు. ఆ మాట నేను బస ఉన్న ఇంట్లో చెబితే వాళ్లకు ఎంతో సంతోషమయింది.

ఆ ఇల్లు మనీలాను ఆనుకొని ఉన్న కెసోన్ సిటీలో ఒక ఇరుకు సందులో ఉంది. ఇంటి పెద్ద డెబ్బై దాటిన ముసలమ్మ. అక్కడ అమ్మమ్మనైనా నాయనమ్మనైనా "లోలా" అనే పిలుస్తారు గనుక నేనూ అలాగే పిలిచాను. ఆమె కూతురు నర్సుగా వేరే దేశములో ఉంది. మన గోదావరి జిల్లాల తల్లులు కువైట్‌కు వెళ్లినట్లే ఆ దేశములో ప్రతి సందునుండి ఎవరో ఒకరు సముద్రము దాటి వెళ్లినవారే. మనుమరాలు కాలేజీలో చదువుతూ లోలాను కనిపెట్టుకొని ఉంది. పిల్లలు పెద్దవారి చెయ్యి అందుకొని తమ నుదుటికి ఆనించుకుంటారు. మాటమాటకు "పో" అంటారు. మన "అండి" లాంటిదే అది. పాస్టరును నేను వచ్చానని సందులో పిల్లలందరూ వరుసగా నిలబడి నా చెయ్యి నుదుటికి ఆనించుకున్నారు. చెయ్యి వెనక్కి తీసుకోవడము ఎప్పుడో తెలియక కాసేపు అలాగే నిలబడ్డాను.

ఆ వారములో వాళ్లకు రెండు పనులు ఒకేసారి వచ్చాయి. అక్టోబరు 30న మన పంచాయతీ ఎన్నికల వంటివి, బరాంగై ఎన్నికలని, దేశమంతటా జరిగాయి. సందు పొడుగునా అభ్యర్థుల బొమ్మలు కట్టారు. అవి విప్పకముందే నవంబరు 1, 2 తేదీలు వచ్చాయి. వాటిని "ఉందాస్" అంటారు. మన సమాధుల పండుగే గాని మనకంటే చాలా పెద్ద ఎత్తున చేస్తారు. 2020 జనాభా లెక్కల ప్రకారము ఆ దేశములో నూటికి 78.8 మంది రోమన్ కతోలికులు. మన వంటి ప్రొటెస్టంటు సంఘాలు 1898 తరువాత అమెరికా వారి పాలనతో వచ్చినవి. అయినా ఆ రెండు రోజులు సమాధుల తోటకు వెళ్లని ఇల్లు లేదు.

రాత్రి భోజనము కాగానే లోలా ఇంట్లో సీరియల్ పెట్టేవారు. మనుమరాలు ఫోనును టీవీకి తగిలించి పాతది ఒకటి చూపిస్తోంది. కొరియా వాళ్ల ముఖాలు, నోటినుండి మాత్రము తగాలోగ్ భాష. పెదవులు ఒకటి అంటే మాట ఇంకొకటి వినబడుతుంది. డబ్బింగ్ సంగతి మనకు తెలియనిదా! హిందీ సీరియళ్ల కోడళ్లు మన ఇళ్లలో తెలుగులో ఏడ్వడము లేదా? ఇప్పుడైతే మన పిల్లలు ఫోన్లలో కొరియా కథలు కూడా తెలుగులోనే చూస్తున్నారు. ఫిలిప్పీన్స్‌లో ఈ అలవాటు మనకంటే ముందు ముదిరింది. 1996లో మెక్సికో దేశపు "మారిమార్" అనే సీరియల్‌ను తగాలోగ్‌లో వేశారు. దానితో మొదలైంది పిచ్చి. 2003లో తైవాన్ వాళ్లది, ఆ వెంటనే కొరియా వాళ్లవి వచ్చాయి. కొన్నిటిలో పాత్రల పేర్లు కూడా మార్చి జెన్నీ, జానీ అని పెట్టుకున్నారు. ఎవరి కథనైనా తమ ఇంటి కథ చేసుకోవడము ఆ ప్రజలకు వచ్చు.

లోలా చూస్తున్నది "49 డేస్". కొరియాలో 2011లో 20 భాగాలుగా వచ్చింది. ఆ తరువాత జి.ఎం.ఎ. అనే టీవీ సంస్థ దానిని తగాలోగ్‌లో ఫిలిప్పీన్స్ ప్రజలకు చూపింది. మనుమరాలు పక్కన కూర్చొని నాకు కథ చెప్పింది. దేవుని సేవకునికి సీరియల్ గొడవ ఎందుకని మీలో కొందరు అడగవచ్చు. చివరిదాకా చదివి అడగండి.

షిన్ జి-హ్యున్ అనే ధనవంతుల అమ్మాయి. పెళ్లికి కొద్ది రోజుల ముందు కారు ప్రమాదములో స్పృహ తప్పి ఆసుపత్రి మంచము మీద పడి ఉంటుంది. ఆమె ఆత్మ బయట నిలబడి తన దేహాన్ని తానే చూసుకుంటుంది. చావులకు తేదీలు చూసే ఒక కుర్రవాడు వచ్చి, నీ పేరు ఇవ్వాళ్టి జాబితాలో లేదు, పొరపాటున ఇక్కడికి వచ్చావు, 49 దినములు గడువు ఇస్తాను అంటాడు. ఆ గడువులో ఆమె కొరకు మనస్ఫూర్తిగా కార్చిన కన్నీటి బొట్లు మూడు సంపాదించాలి. ముగ్గురు వేర్వేరు మనుషులు కార్చాలి. ఒక్క షరతు: రక్తసంబంధులవి పనికిరావు. ఆ పని చేయడానికి ఆమెకు ఇంకొక స్త్రీ దేహము అప్పుగా దొరుకుతుంది. ఆ స్త్రీ, సాంగ్ యి-క్యుంగ్, రాత్రిళ్లు ఒక దుకాణములో పనిచేసి పగలంతా నిద్రపోయే మనిషి. అయిదేళ్ల క్రితము తాను ప్రేమించినవాడు చనిపోయినప్పటి నుండి బ్రదికి ఉన్న శవములాగా తిరుగుతుంటుంది. ఆమె నిద్రపోయే వేళలో ఈమె ఆ దేహములో తిరుగుతుంది.

మూడు కన్నీటి బొట్లు ఎంత సేపు అనుకుంటుంది జి-హ్యున్. స్నేహితులు బోలెడుమంది గదా! తీరా చూస్తే పెళ్లికొడుకు, ప్రాణస్నేహితురాలు కలిసి తన తండ్రి ఆస్తిని కాజేయడానికి చూస్తున్నారు. ఏడ్చేవాళ్లు ఉన్నారు గాని ఆ బొట్టు లెక్కలోకి రాదు.

ఈ సంగతి దగ్గర నేను టీవీ మాని ఆలోచనలో పడ్డాను. ఇరవై ఏళ్లుగా భూస్థాపనలు చేయిస్తున్నాను. పెట్టె దించేటప్పుడు ఎవరు ఎలా ఏడుస్తారో కాపరికి తెలుస్తుంది. అన్నదమ్ములు ఏడుస్తారు; ఏడవకపోతే ఊరు ఊరుకోదు. రక్తసంబంధము కానివాడు, మన పేట వాడు కానివాడు, మన కులము కానివాడు వచ్చి గట్టున నిలబడి కళ్లు తుడుచుకుంటే ఆ చనిపోయినవాడు ఎలా బ్రదికాడో అర్థమవుతుంది. మా సంఘములో ఒక వడ్రంగి తాత చనిపోయినప్పుడు పెద్ద వీధి రైతు ఒకాయన దూరముగా కొబ్బరి చెట్టు కింద నిలబడి చిన్నపిల్లవాడిలా ఏడ్చాడు. ఆ కొరియా రచయిత్రికి ఈ లెక్క ఎవరు చెప్పారో గాని సరైన లెక్కే చెప్పారు.

కథకు మూలము బౌద్ధుల నమ్మకము. మనిషి చనిపోయిన తరువాత 49 దినములు ఆత్మ నడుమ దారిలో ఉంటుందని, వారము వారము పూజలు చేస్తూ 49వ నాడు సాగనంపుతారని కొరియాలో ఆచారము. దానిని ఫిలిప్పీన్స్ కతోలికులు ఎలా అంత సులువుగా అందుకున్నారు? వాళ్లకూ లెక్కలు ఉన్నాయి గనుక. చావు తరువాత తొమ్మిది రాత్రులు ప్రార్థనలు, దాన్ని "పసియామ్" అంటారు. నలభయ్యవ దినము వరకు ఆత్మ ఇల్లూ వాకిలీ చుట్టి తిరుగుతుందని అంటారు. ప్రభువు లేచిన తరువాత నలభై దినములు భూమిపై ఉన్నాడు గదా అని దానికి ఆధారము చూపుతారు. ఏడాదికి దుఃఖవస్త్రాలు విడిచే దినము ఇంకొకటి. మన ఊళ్లలో హైందవ సోదరులకు పదకొండు, పదమూడు. వేదాంత పాఠశాలలో చదివేటప్పుడు యూదుల లెక్క ఒకటి మాకు చెప్పారు: ఆత్మ మూడు దినములు దేహము దగ్గర తచ్చాడుతుందని వాళ్ల పెద్దల గ్రంథాలలో ఉందట. బేతనియ లాజరును నాలుగవ దినమున లేపడములోని బలము ఈ లెక్క తెలిస్తేనే బాగా అర్థమవుతుంది. మన ప్రొటెస్టంటు ఇళ్లు మాత్రము తక్కువ తిన్నాయా? ఆదరణ కూడిక ఎన్నో దినమున పెట్టాలని నన్ను అడగని కుటుంబము లేదు. ఏ దినమైనా ఒకటే అంటే ముఖము చిన్నబుచ్చుకుంటారు. దుఃఖానికి ఒక గట్టు కావాలి మనుషులకు. అది తప్పని నేను ఎన్నడూ అనలేదు.

ఆ సందులోనే జీప్నీ నడుపుకునే ఆయన ఒకరు చనిపోయి అయిదవ రాత్రి. అక్కడ శవాన్ని వారము దాకా ఇంటిలోనే ఉంచుతారు. మందు ఎక్కించి, అద్దము మూత ఉన్న పెట్టెలో పెడతారు. విదేశములో ఉన్న కొడుకో కూతురో వచ్చేదాకా ఆపడము కూడా దీనిలో ఒక కారణము. నాకు ఆతిథ్యమిచ్చిన సహోదరుడు నన్ను తీసుకువెళ్లాడు. సందుకు అడ్డముగా టెంటు, ప్లాస్టిక్ కుర్చీలు, కాఫీ, బిస్కట్లు, పుచ్చకాయ గింజలు. ఒక మూల పేకాట. నా ముఖము చూసి సహోదరుడు, ఆటలో కొంత వాటా ఆ ఇంటివారి ఖర్చుకు పోతుంది పాస్టర్, అన్నాడు. పేకాట నాకు నచ్చలేదు. కాని మన ఊళ్లో శవము దగ్గర రాత్రి మేలుకొనేవాళ్లు ఏమి చేస్తుంటారో నాకు తెలియదా?

చనిపోయినాయన కూతురు అద్దము మీదికి వంగి ఏడుస్తుంటే పక్కింటి ఆమె గబగబా వచ్చి భుజము పట్టి వెనక్కి లాగింది. కఠినురాలు అనుకున్నాను. తరువాత చెప్పారు: కన్నీళ్లు పెట్టె మీద పడకూడదట. పడితే ఆత్మకు వెళ్లడము కష్టమవుతుందని వాళ్ల నమ్మకము. అప్పుడు నాకు ఆ సీరియల్ ఇంకొక వైపునుండి కనబడింది. ఆ ఇంట్లో కన్నీరు ఆత్మను పోనివ్వదు. కథలో కన్నీరే ఆత్మను వెనక్కి తెస్తుంది. రెండిటిలోనూ ఉన్నది ఒకటే భయము, ఒకటే ఆశ.

వచ్చేటప్పుడు ఇంటివారు గుమ్మము దాకా సాగనంపలేదు. అదీ నియమమే. నేరుగా ఇంటికి వెళ్లరాదన్నది ఇంకొక నియమము. ఆత్మ వెంట వస్తుందని దారిలో ఎక్కడైనా ఆగి, దాన్ని అక్కడ వదిలించుకొని వెళ్లాలి. మా సహోదరుడు గట్టి ప్రొటెస్టంటు, సంఘ పెద్ద. అయినా ఒక రొట్టెల దుకాణము ముందు ఆగాడు. ఆకలి పాస్టర్, అన్నాడు. నేను నవ్వితే తానూ నవ్వాడు. రొట్టె వేడిగా, బాగా ఉంది.

ఇప్పుడు ఈ సీరియల్ నన్ను ఎందుకు పట్టుకుందో చెప్పాలి. నేను మనీలా వెళ్లడానికి ముందు వేసవిలో మా సంఘములో ఒక ఇంటి కుర్రవాడు, ఇరవై రెండేళ్ల వాడు, రాత్రి మోటారు సైకిల్ మీద వస్తూ రోడ్డు పక్కన ఆగి ఉన్న లారీని గుద్దుకున్నాడు. పట్టణములోని ఆసుపత్రిలో పందొమ్మిది దినములు వెంటిలేటరు మీద ఉన్నాడు. అర ఎకరము అమ్మారు. తల్లిని రోజుకు రెండుసార్లు లోపలికి పంపేవారు. ఆమె కొడుకు చెవి దగ్గర వంగి ఇంటి కబుర్లు చెప్పేది. గేదె ఈనింది రా, పెయ్యదూడ. చెల్లికి హాల్ టిక్కెట్టు వచ్చింది. పందొమ్మిదవ దినమున ఊపిరి ఆగిపోయింది. భూస్థాపన అయిన వారానికి ఆమె నన్ను అడిగింది: "అయ్యగారూ, చనిపోయాక ప్రభువు దగ్గరున్నాడని మీరు చెప్పారు, నమ్ముతాను. ఆ పందొమ్మిది రోజులూ ఎక్కడున్నాడండీ?"

ధనవంతుడు, లాజరుల ఉపమానము నాకు వచ్చు. సిలువమీది దొంగకు ప్రభువు ఇచ్చిన మాట వచ్చు. అవి చనిపోయినవారిని గూర్చినవి. చనిపోయినవాడు దారితప్పి తిరగడని, మనము గడువులు పెట్టి సాగనంపవలసిన పనిలేదని వాటిని బట్టి ధైర్యముగా చెప్పగలను. ఆమె అడిగింది చనిపోక ముందు సంగతి. ప్రాణమున్నంత వరకు అతడు అక్కడే, ఆ మంచము మీదే, నీ చేతి కిందే ఉన్నాడమ్మా అని చెప్పాను. "అయితే విన్నాడా?" అంది.

అది వెర్రి ప్రశ్న కాదని చదువుకున్నవారు కూడా గ్రహించాలి. 2006లో ఇంగ్లండు దేశపు కేంబ్రిడ్జిలో వైద్యులు ఒక పరీక్ష చేశారు. రోడ్డు ప్రమాదము తరువాత కళ్లు తెరిచినా ఏమీ ఎరుగని స్థితిలో పడి ఉన్న ఇరవై మూడేళ్ల యువతిని మెదడు స్కానింగు యంత్రములో పెట్టి, నువ్వు టెన్నిసు ఆడుతున్నట్టు ఊహించుకో అని చెప్పారు. ఆరోగ్యవంతులు అలా ఊహించుకుంటే మెదడులో ఏ భాగము పని చేస్తుందో ఆమెకూ అదే భాగము పని చేసింది. వేలు కదపలేని మనిషి మాట విని లోబడింది! అలా మంచము పట్టిన అందరూ వింటారని దీని అర్థము కాదు. ఆమె వంటివారు కొందరే. మన కుర్రవాడి తలకు తగిలిన దెబ్బ ఎటువంటిదో, వాడు ఎంతమట్టుకు విన్నాడో ఏ యంత్రమూ చూడలేదు. ఇదంతా నేను ఆ తల్లికి విప్పి చెప్పాను. ఆమె తల ఊపింది గాని ఇంకేమీ అనలేదు.

ఆ భారముతోనే మనీలా వెళ్లాను గనుక సీరియల్‌లో ఆత్మ తన మంచము పక్కన నిలబడి తల్లి ఏడుపు చూస్తుంటే నేను కుర్చీ ముందుకు జరుపుకున్నాను. సిద్ధాంతము ప్రకారము ఆ కథ సరికాదు. ఆత్మలు దేహాలు అప్పు తీసుకోవు. చావుల జాబితా పట్టుకొని తిరిగే కుర్రవాడూ లేడు. అయినా ఒక విషయములో ఆ కథ మోసము చేయలేదు. మూడు బొట్లు దొరికి ఆమె లేస్తుంది. లేచి కొన్ని దినములు తల్లిదండ్రులతో గడిపి చనిపోతుంది. ఆమె ఆయుస్సు నిజముగా అంతే. దేహము అప్పిచ్చిన దుకాణము పిల్ల మాత్రము మళ్లీ బ్రదకడము నేర్చుకుంటుంది. చివరికి వాళ్లిద్దరూ చిన్నప్పుడు విడిపోయిన అక్కచెల్లెళ్లని తేలుతుంది. అది సీరియల్ వాళ్ల బుద్ధి, పోనివ్వండి. లోలా ఈ కథను ఇదివరకే రెండుసార్లు చూసిందట. ఇది పెళ్లికూతురి కథ అని అందరూ అనుకుంటారు గాని ఇది అంగడి పిల్ల కథ అని మనుమరాలి చేత నాకు చెప్పించింది.

కూటము లేని ఒక పూట మనీలాలోని జాతీయ మానవశాస్త్ర మ్యూజియముకు వెళ్లాను. ప్రవేశము ఉచితము. అక్కడ ఒక మట్టి కుండ ఉంది. పలావాన్ ద్వీపములో మనుంగ్గుల్ అనే గుహలో 1964లో దొరికింది. సుమారు రెండువేల ఏడువందల సంవత్సరాల కిందటిదని అంచనా. దేహము మట్టిలో కలిసిన తరువాత ఎముకలను ఏరి పెట్టే కుండ అది. మూత మీద చిన్న పడవ, పడవలో ఇద్దరు. ముందున్నవాడు చేతులు రొమ్ముమీద మడుచుకొని ఉన్నాడు. వాడు చనిపోయినవాడు. వెనుకవాడు తెడ్డు వేస్తున్నాడు. తెడ్డు ఎప్పుడో విరిగిపోయింది, పట్టుకున్న చేతులు మాత్రము ఉన్నాయి. గోదావరి రేవులో పెరిగిన వాడికి ఆ బొమ్మ విప్పి చెప్పనక్కరలేదు. సువార్త రాకముందు, బౌద్ధము కూడా తెలియకముందు, తమ మనిషిని ఒంటరిగా నది దాటించడానికి మనసొప్పక ఎవరో పక్కన ఒక సరంగును కూర్చోబెట్టారు. నేను ఆ అద్దము దగ్గర చాలాసేపు ఉన్నాను.

నవంబరు 1 బుధవారము. మనీలా ఉత్తర సమాధుల తోటకు వెళ్లాము. 1904లో తెరిచారు, 54 హెక్టార్లు, అంటే మన లెక్కలో 130 ఎకరాల పైచిలుకు. మగ్సాయ్‌సాయ్, రోహాస్ వంటి దేశాధ్యక్షుల సమాధులు అక్కడే. బీదవారికి గోడలో అరలు, అయిదేళ్లకు అద్దె. గడువు తీరి కట్టలేకపోతే ఎముకలు తీసివేస్తారు. లోపల సమాధుల మధ్యనే కాపురమున్న కుటుంబాలు ఉన్నాయి. ధనవంతుల సమాధి గదులు కనిపెట్టుకొని, రాళ్లు కడిగి బ్రతుకుతారు. ఒక సమాధి మీద ఉతికిన బట్టలు ఆరవేశారు, పక్కనే చిన్న అంగడి. గేటు దగ్గర పోలీసులు సారా, కత్తులు, పేక ముక్కలు పట్టుకొని తీసేసుకుంటున్నారు. 2020లోను, 2021లోను కరోనా కారణముగా ఈ రోజుల్లో సమాధుల తోటలు మూసివేశారట. రెండేళ్లు రాలేకపోయినదానికి వడ్డీతో సహా వచ్చినట్టున్నారు జనము. అన్నము, నూడిల్స్, చాపలు, చంటిపిల్లలు. మన తిరునాళ్లే.

లోలా తన భర్త సమాధి దగ్గర కూర్చొని సీరియల్ ఎంతవరకు వచ్చిందో ఆయనకు చెప్పింది. మనుమరాలు నవ్వు ఆపుకోలేకపోయింది. నేను ప్రార్థన చేశాను, ఉన్నవారి కొరకు. చీకటి పడ్డాక చిన్నపిల్లలు సమాధుల మధ్య తిరుగుతూ కరిగి పడిన కొవ్వొత్తుల మైనము గోకి ఉండలు చేస్తున్నారు. అది తూకానికి అమ్ముకుంటారు.

ఊరికి వచ్చిన తరువాత ఆ తల్లి ఇంటికి వెళ్లాను. మంచము వాల్చి, మజ్జిగ ఇచ్చి, ప్రయాణపు కబుర్లు అడిగింది. కుండ సంగతి చెప్పాను, సమాధుల తోట సంగతి చెప్పాను. సీరియల్ సంగతి చెప్పవచ్చునో లేదోనని సందేహిస్తూనే, ఇది కల్పిత కథేనమ్మా అని ముందుగా చెప్పి మొదలుపెట్టాను. పందొమ్మిది దినములు అనుకోని విధముగా ఆమె మధ్యలో ఎక్కడా ఏడవలేదు. శ్రద్ధగా విన్నది.

"లేచిందా ఆ పిల్ల?"

"లేచిందమ్మా. కొద్ది రోజులే."

"లేచాక వాళ్లమ్మతో ఏమందండీ?"

బేతనియ లాజరు నాలుగు దినముల తరువాత సమాధిలోనుండి వచ్చి ఒక్క మాటైనా పలికినట్టు సువార్తలో వ్రాయలేదు. అది నాకు గుర్తుకు వచ్చింది గాని ఆమెతో అనలేదు. తల్లిదండ్రుల దగ్గరే ఉందమ్మా, ఆ కొద్ది రోజులూ వాళ్లతోనే గడిపింది అన్నాను. ఆమె కాసేపు ఊరుకొని, లోపలికి వెళ్లి, పెయ్యదూడకు తవుడు కలపడానికి బాల్చీ తీసుకు వచ్చింది. దానికి అప్పటికి ఆరు నెలలు దాటాయి.